నల్ల ఇసుక మీద తెల్ల బంతి

అరవై నాలుగులో వానలు వెనకబట్టే నాటికి నా చేతిలో ఉన్నవి ఇవి: మంచిర్యాల స్టేషన్ వెనక అన్నదమ్ములిద్దరి పేర నడిచే కలప డిపో, నాకంటే ఏడేళ్లు పెద్దవాడైన అన్న, ఒక దొర సీమకు పోతూ నాకు వదిలిపెట్టిన గోల్ఫ్ కర్రలు ఆరు, ఒక కన్ను. ఆ కన్ను కూడా మసక.

రెండో కన్ను సంగతి ముందే చెప్పేస్తాను. దాన్ని దాచిపెట్టి తర్వాత చెప్పే ఓపిక నాకు లేదు. అంతకు రెండేళ్ల కిందట టేకు చూడటానికి అన్నతో ఇచ్చోడ పోయాను. అంగట్లో ఒకడు చాప పరుచుకుని కూర్చున్నాడు. ఏ ఊరివాడో ఎవరికీ తెలియదు. కండ్లలో పొర తీస్తానంటాడు, చేతిలో సూది. అప్పటికే నా కుడికంటికి మబ్బు కమ్మింది. పట్నం దవాఖానకు పోతానని నేనంటే మా అన్న అంతయ్య నవ్వాడు.

"పట్నం పోయి కన్ను కోయించుకుంటవా? గీనె సూదితోని పొర జర పక్కకు జరుపుతడు, గంతే. ఏమైతదో నేను జూస్త. కూసో."

కూర్చున్నాను. బాపు పోయిన నాటి నుంచి అన్న కూర్చోమంటే కూర్చున్నవాణ్ని, లేవమంటే లేచినవాణ్ని. మూడు రోజులు లోకం తేటగా కనపడింది. నాలుగో రోజు చీము పట్టింది. పక్షం తిరిగేసరికి కన్ను తెల్లటి గవ్వ అయి కూర్చుంది.

"నీ రాత" అన్నాడు అన్న. ఇంకేమీ అనలేదు. తప్పు చేసిన తమ్మీ అని ఒక్క మాట అంటే నేను ఏడ్చి ఊరుకునేవాణ్ని. అనలేదు. మానులో పాత మేకు ఒకటి దిగి ఉంటుంది. పైకి కనపడదు, బెరడు మూసుకుపోతుంది. రంపం పెట్టిన నాడు పండ్లు విరుగుతాయి. ఆ రాని మాట నాలో అట్లా దిగబడి ఉంది.

ఇక గోల్ఫ్. కలప కోసేవాడికి గోల్ఫ్ ఎందుకని ఊరంతా నవ్వింది. మాకు ఏడు మైళ్ల దూరంలో బొగ్గుబాయి ఉంది. బాయి లోపల పైకప్పు కూలకుండా నిలబెట్టే కట్టెలు మా డిపో నుంచే పోతాయి. అక్కడి సాబులు ఆదివారం పూట తుమ్మపొదలు కొట్టి చదును చేసిన నేల మీద బంతి కొట్టుకుంటూ తిరుగుతారు. వాళ్ల ఆట నేర్చుకుంటే వాళ్ల పక్కన మూడు మైళ్లు నడవొచ్చు, పక్కన నడిచేవాడితో మాట్లాడక తప్పదు. ఇదీ నేను వేసుకున్న లెక్క. రెండు నెలల్లో ఆ లెక్క తప్పింది. సాబులు రాని రోజుల్లో కూడా పోసాగాను. కర్ర సరిగ్గా తగిలి బంతి లేచినప్పుడు చేతుల్లోకి వచ్చే ఆ తేలికతనం నాకు కలప వ్యాపారంలో ఎన్నడూ దొరకలేదు. లాభం లేని పని జీవితంలో అదొక్కటే చేశాను. అందుకే దాన్ని వదలలేదు. కుడికన్ను పోయాక ఒంటికంటితో మళ్లీ నేర్చుకున్నాను. ఎడమది మసకబారాక, బంతి ఎటు పోయిందో హనుమండ్లు చెప్పేవాడు. హనుమండ్లు బాయిలో కాలు విరిగి పని మానుకున్న ముసలాయన. నా కర్రల సంచి మోసేవాడు.

ఈసారి అన్నను అడగలేదు. వినాయకుణ్ని గోదావరిలో కలిపిన నాలుగో రోజు పట్నం రైలెక్కాను.

పొర తీశారు. రెండు కండ్లకూ కట్టు కట్టి, తలకు అటొకటి ఇటొకటి ఇసుక సంచులు పెట్టి, పది రోజులు వెల్లకిలా పడుకోబెట్టారు. నా భార్య శంకరవ్వ చెంచాతో జావ పోసేది. కట్టు విప్పిన రోజు డాక్టరు మంచం పక్కన కూర్చుని నిదానంగా చెప్పాడు.

"మొండయ్య గారూ, ఇప్పుడు మీ కన్ను కొత్తగా కుట్టిన తోలుసంచి లాంటిది. తల కిందికి వంచితే బరువంతా కుట్ల మీద పడుతుంది. ఆరు వారాలు వంగొద్దు. బరువు ఎత్తొద్దు. గట్టిగా దగ్గొద్దు, తుమ్మొద్దు."

"గోల్ఫ్ ఎన్నడు ఆడొచ్చు సార్?"

ఆయన నా తలరుమాలు వైపు, చేతుల మీది కాయల వైపు చూశాడు. నవ్వుతాడనుకున్నాను. నవ్వలేదు.

"ఆరు వారాల తర్వాత అద్దాలు ఇస్తాను. అప్పుడు నిలబడి, మెల్లగా, గుంతలోకి దొర్లించడం వరకే. బంతి పెట్టేదీ తీసేదీ వేరే మనిషి. నడుము తిప్పి బలంగా కొట్టడం మాత్రం మూడు నెలలు నిండి, నేను చూసి సరేనన్నాకే. తొందరపడితే కన్ను పోతుంది."

"ఇంకోటి లేదు సార్ నాకు."

"అందుకే చెప్తున్నా."

ఒప్పుకున్నాను. నేను మాట ఇస్తే సరుకు చేరినట్టే.

ఇంటికి వచ్చాక శంకరవ్వ ఇల్లంతా నా నడుము ఎత్తుకు తెచ్చింది. చెంబు కిటికీలోకి, చెప్పులు అరుగు మీదికి, పీట బదులు కుర్చీ. నాకు తుమ్ము వస్తుందని ఎండుమిర్చి పోపు మానేసింది. "నీ కన్ను కోసం ఇంటిల్లిపాది సప్పిడి పప్పు తింటున్నం, జర దాన్ని పైలంగ జూసుకో" అనేది. అన్నా వాళ్లూ మేమూ ఒకే వాకిట్లో ఉన్నవాళ్లం, వంట ఒకటే. ఆ చప్పిడి పప్పే అన్న కూడా తిన్నాడు. తిన్నాడు గానీ నా వైపు చూడలేదు. తనకు చెప్పకుండా పట్నం పోయానని కోపం.

ఇరవై ఎనిమిదో రోజు దసరా వచ్చింది.

మా దగ్గర దసరా సాయంత్రం జమ్మి చెట్టు దగ్గరికి పోయి ఆకు తెచ్చుకుంటారు. ఆ ఆకే బంగారం. ముందుగా ఇంటి పెద్ద చేతిలో పెట్టి కాళ్లు మొక్కాలి, ఆ తర్వాతే తక్కినవాళ్లను కౌగిలించుకుని అలాయి బలాయి. మా వాకిట్లో అన్న కొత్త ధోతి కట్టి మంచం మీద కూర్చున్నాడు. డిపోలో పనిచేసేవాళ్లు, వాడకట్టు వాళ్లు, చుట్టాలు, నలభై మంది ఉంటారు. ఒకరి తర్వాత ఒకరు వంగి మొక్కి పోతున్నారు. నా వంతు వచ్చింది. ఆకు ఆయన చేతిలో పెట్టి, చేతులు జోడించి నిటారుగా నిలబడ్డాను.

అన్న కాళ్లు కొంచెం ముందుకు జరిపాడు.

"అన్నా, డాక్టరు వంగొద్దన్నడు. ఇంకో రెండు వారాలు."

"మొక్కుటానికి గూడ డాక్టర్ను అడుగుతరా?"

"గట్ల గాదు. నువ్వు జర అరుగు మీద నిలవడు. నేను కింద నిలవడి నీ పాదాలకు చెయ్యి ఆనిచ్చి మొక్కుత. వంగే పనుండది."

నేను నిజంగానే అన్నాను. ఎత్తు చాలనప్పుడు దిమ్మె వేసుకోవడం మా డిపోలో రోజూ చేసే పనే. అక్కడెవడో కిసుక్కున నవ్వాడు. అన్న మొహం నల్లబడింది.

"నన్ను బొమ్మను జేసి అరుగెక్కిస్తవా? బాపు పోయిన్నాడు నిన్ను ఈ సంకనేసుకొని తిరిగిన. గా పట్నం డాక్టరు నాకన్న పెద్దోడైండా? వంగు. ఏమైతదో నేను జూస్త."

ఏమైతదో నేను జూస్త. ఇచ్చోడ అంగట్లో కూడా ఇదే గొంతు. అప్పటిదాకా నాకు కోపం లేదు, దేవుని తోడు. ఆ మాటకు ఒళ్లు మండింది.

"ఒక కన్ను నీ మాట మీద ఇచ్చిన" అన్నాను. "అప్పుడు గూడ జూస్తనే అన్నవు. ఏం జూసినవ్? రెండోది ఇయ్య."

మా వదినె ఐలవ్వ హారతి పళ్లెం పట్టుకుని గడపలోనే ఆగిపోయింది. అన్న నేనిచ్చిన ఆకును పక్కన పెట్టి లేచాడు.

"ఐలవ్వా, రేపటి సంది వాళ్ల బువ్వ వాళ్లే వండుకుంటరు."

మర్నాడు శంకరవ్వ వాకిటి అవతలి పక్క మూడు రాళ్లు పెట్టి పొయ్యి రాజేసింది. పొగ నా కంట్లోకి రాకుండా గాలివాలు చూసి మరీ పెట్టింది. ముప్పై ఏళ్ల ఉమ్మడి బువ్వ వేరయింది. ఊళ్లో మాత్రం కన్ను గురించి ఎవరూ మాట్లాడలేదు. మొండయ్య దసరా నాడు అన్న కాళ్లు మొక్కలేదన్నదే తిరిగింది. డిపోలో పాత హమాలీ బాలమల్లు కూడా మొహమ్మీదే అన్నాడు: "సేటూ, వంగితె వంగుడే గదా. పెద్దమనిషి నారాజైండు." నీ నెత్తి మీది మొద్దు నా కంటి మీద పెట్టుమంటవా అని వాణ్ని కసిరాను. పాపం, వాడిదేం తప్పు. ఆ వారమంతా కసిరాను, ఎవరు ఎదురైతే వాళ్లను.

ఆరు వారాలకు అద్దాలు వచ్చాయి, వంగడం మాత్రం మూడు నెలలు నిండేదాకా ఇంకా వద్దన్నాడు డాక్టరు. సోడాబుడ్డి అడుగంత మందం. పెట్టుకోగానే శంకరవ్వ మొహం నా మొహమ్మీదికి వచ్చిపడింది. ప్రతిదీ దగ్గర, ప్రతిదీ పెద్ద. గుమ్మం నిలువు కట్టెలు విల్లులా వంగి కనపడతాయి. చెంబుతో గ్లాసులో నీళ్లు పోస్తే గ్లాసు పక్కన పడతాయి. పక్క నుంచి వచ్చే మనిషి ఒకచోట మాయమై, మళ్లీ ఎదురుగా ఊడిపడతాడు. కలప చూసి చుట్టుకొలత చెప్పే కన్ను నాది. దానికి ఇప్పుడు వెదురుబొంగు కూడా తాటిమానే. మళ్లీ మొదటి నుంచి నేర్చుకోవాలి.

దీపావళి ముందటి ఆదివారం గోల్ఫ్ నేల మీదికి పోయాను. మా దగ్గర ఎండలకు పచ్చిక నిలవదు. గుంతల చుట్టూ మిషన్ల నుంచి తీసిన పాత నూనె ఇసుకలో కలిపి పరుస్తారు. నల్లగా నిగనిగలాడుతుంది. హనుమండ్లు దాని మీద బంతి పెట్టి పక్కకు జరిగాడు. పొట్టి కర్ర తీసుకుని నిలబడి మెల్లగా ఊపాను. బంతికి జానెడు ఇవతల ఇసుక గీరుకుంది.

"ఆడ లేదు సేటూ, ఇంకింత ముందుకు."

మళ్లీ కొట్టాను, మళ్లీ జానెడు ఇవతలే.

"కండ్లు జెప్పిన కాడ కొడ్తున్నవు" అన్నాడు హనుమండ్లు. "బాయిల దీపం ఆరిపోతే మేం కండ్లను అడగం. కాళ్లను అడుగుతం. కండ్లకు జర మోసం నేర్పిండ్రు నీకు. కాళ్లకు ఎవ్వడు నేర్పలే."

కాళ్లతో కొలిచాను. కర్ర మొన నేలకు ఆనించి, బంతికి తాకేదాకా జరిపి, అక్కడ పాదాలు పాతుకున్నాను. ఆపైన కన్ను ఏం చెప్పినా వినలేదు. పదకొండోసారికి బంతి టకామని తగిలి దొర్లింది. గుంతలో పడలేదు. అయినా ఆ చప్పుడు నా మోచేతుల దాకా వచ్చింది. పక్కన కూర్చుని ఏడ్చేవాణ్నే గానీ, కంటికి మంచిది కాదని ఊరుకున్నాను.

ఆనాడే మేనేజరు రామచంద్రం గారు ఎదురొచ్చారు. గోదావరి జిల్లాల మనిషి, సరదా మనిషి. మా కట్టెలు తీసుకోవాలా వద్దా అనేది ఆయన మాట మీదే ఉంటుంది.

"సేటు గారూ! వచ్చేశారా! పండగ తర్వాత కప్పు పోటీ ఉంది, మన జట్టులో ఒకరు తక్కువయ్యారు. ఏదీ, ఒక్కటి బలంగా కొట్టండి చూద్దాం."

"డిసెంబరు దాక కొట్ట సార్."

"ఒక్కటంటే ఒక్కటండీ. ఒక్క దెబ్బకి ఏమైపోతుంది?"

"ఏమైతదో చూస్తనన్నోళ్లు నాకు ఇంట్లనే ఉన్నరు సార్. జట్టుల వేరేటోళ్లను వేసుకోండ్రి."

ఆయన మొహం ముడుచుకుంది. పెద్దమనిషి, మరుక్షణం నవ్వేశాడు గానీ, ఆ ముడుత నేను చూశాను. వ్యాపారానికి మంచిది కాదని తెలిసే చూశాను. మెట్టు దిగలేదు.

ఊరికి ఈ కబురు వేరేగా చేరింది. మొండయ్య అన్న కాళ్లకు వంగడు గానీ, గోలీ కోసం బాయి కాడ సాగిలపడుతున్నాడట. దీపావళి మర్నాటి ఉదయం నేను రెండో గుంత దగ్గర ఉండగా, ఎడ్లబండి నేరుగా మైదానం మీదికి వచ్చింది. అందులోంచి అన్న దిగాడు. చేతికర్ర ఊపుతూ ఆ నల్ల ఇసుక మీదికి చెప్పులతోనే నడిచి వచ్చాడు. అటు పక్క రామచంద్రం గారూ ఇంకో ఇద్దరు సాబులూ ఆట ఆపి చూస్తున్నారు.

"ఏది, వంగు" అన్నాడు. "నా ముంగట వంగు ఇప్పుడు. దొరల ముంగట వంగుతున్నవట గదా. ఊరంత జెప్తుండ్రు, నేను జూడొద్దా?"

"ఎవ్వని ముంగట వంగలే నేను."

"మరి బంతి ఎట్ల లేస్తున్నది? గాలికి లేస్తున్నదా?"

"నేను దీస్తున్న పటేలా" అన్నాడు హనుమండ్లు, ముందుకు రాబోతూ.

"నువ్వాగు!" అన్న చేతికర్ర అడ్డం పెట్టాడు. "వాడే తియ్యాలె. నేను జూడాలె."

బంతి అన్న కాలికి మూరెడు దూరంలో ఉంది. పట్టపగలు. నల్ల ఇసుక మీద తెల్ల బంతి. అరమైలు అవతలి నుంచి కనపడేది.

"నాకు తియ్యరాదు" అన్నాను. "నీకు కన్ను లేని తమ్ముడు కావాలె, వంగే తమ్ముడు కావాలె. నాకు కన్ను కావాలె. నీకు గంత కోపముంటె నువ్వే దీసి ఆ పొదలల్ల ఇసిరెయ్. నీ కాలి కాడనే ఉన్నది."

అన్న విసురుగా వంగాడు. చెయ్యి పోయి ఇసుక మీద పడింది, బంతికి జానెడు ఇవతల. అరచేయి ఇసుకను తడిమింది. ఎడమకు పోయింది, మళ్లీ కుడికి వచ్చింది. ఆఖరికి చిటికెనవేలు బంతికి తగిలితే, గబుక్కున దాన్ని పట్టుకున్నాడు.

హనుమండ్లు సంచి సర్దుకుంటున్నట్టు అటు తిరిగాడు.

అన్న బంతి విసరలేదు. చేతిలో పట్టుకునే బండి దాకా నడిచాడు. బండి మెట్టు కోసం కాలు రెండుసార్లు వెతికింది.

ఇంటికి రాగానే నేరుగా వదినె పొయ్యి దగ్గరికి పోయాను. వదినె జొన్నరొట్టెలు చేస్తోంది.

"వదినే, అన్నకు ఎన్ని దినాల సంది కనపడ్తలేదు?"

రొట్టె తిప్పే చెయ్యి ఆగింది. "ఎవ్వలకు జెప్పకన్నడు."

"ఎన్ని దినాలు?"

"పోయిన ఎండకాలం సంది. రెండు కండ్లు గంతే. కుడిది ఎక్కువ. మొన్న దసరాకు నువ్వు మొక్కకపోతివి సూడు, మొక్కేటోళ్ల మొగాలు గూడ గుర్తువట్టలే ఆయన. గొంతును బట్టి దీవెనలు వెట్టిండు."

"మరి దవాఖానకు?"

వదినె గొంతు తగ్గించింది. "గా సూదోడు కార్తీక పున్నమికి గోదారికాడికి వస్తడట. ఆయన్నే పిలుసుకరమ్మన్నడు."

నాకు మొదట అర్థం కాలేదు. అర్థమయ్యాక వాకిలి తిరిగినట్టయింది. నా కన్ను తీసినవాడి చేతిలోనే తన కన్ను పెట్టబోతున్నాడు. తెలియక కాదు. పట్నం దవాఖానకు పోతే, ఆనాడు ఇచ్చోడలో తను చెప్పింది తప్పని నలుగురిలో ఒప్పుకున్నట్టవుతుంది. సూదోడి చాప మీద కూర్చుని చూపు తెచ్చుకుంటే, మొండయ్య కన్ను మొండయ్య రాత వల్లే పోయిందని తేలుతుంది. ఆ ఒక్క మాట అనకుండా తప్పించుకోవడానికి కన్ను పణం పెట్టేవాడు లోకంలో ఇంకెవడైనా ఉంటాడా? నాకు జాలి వేయలేదు. గొడ్డలి తీసుకుని మానును నరకాలన్నంత కోపం వచ్చింది.

పున్నమికి పద్నాలుగు రోజులుంది. మూడు రోజులు డిపోలో తిరిగాను. కోపంతో బేరం కుదరదని నాకు తెలుసు. ఎదుటివాడు తల వంచకుండా ఒప్పుకునే దారి ఒకటి ఉంచాలి. లేకపోతే మంచి సరుకు కూడా వాకిట్లోనే కుళ్లిపోతుంది. నాలుగో రోజు ఉదయం అన్న మంచం దగ్గరికి పోయి, దసరా నాడు నిలబడ్డ చోటే నిలబడ్డాను.

"అన్నా. నా కన్ను గుచ్చుతున్నది."

తల ఎత్తాడు.

"పట్నం పోవాలె. ఒక్కణ్ని పోలేను. తోలుకపోయేటోళ్లు లేరు."

అబద్ధం. నా కన్ను శుభ్రంగా ఉంది. అన్న మంచం మీది నుంచి లేచిన తీరు చూస్తే, ఆ క్షణం ఆ అబద్ధానికి సిగ్గు కలిగింది.

"జెప్పిన్నా లేదా గా గోలీలాట వద్దని! వింటివా? ఐలవ్వా, నా కోటు దే! సద్ది గట్టు!"

రైల్లో కాజీపేట దాకా నన్ను తిట్టాడు. తిడుతూనే నా నెత్తి వెనక తన దుప్పటి మడిచి పెట్టాడు. కూజాలోంచి నాకు నీళ్లు పోశాడు. సగం గ్లాసులో, సగం నా మోకాళ్ల మీద. ఇద్దరం తుడుచుకున్నాం.

డాక్టరు నా కన్ను చూసి బాగుందన్నాడు. కుట్లు గట్టిపడ్డాయి, ఇంకో ఐదారు వారాలు ఆగాలి, అంతే.

"గుచ్చుతున్నదంటుండు?" అన్నాడు అన్న.

"సార్, మా అన్నవి గూడ ఒక్కసారి చూడండ్రి. ఖాళీగనే కూసున్నడు గదా."

అన్నకు అప్పుడు తెలిసిపోయింది. లేవబోయాడు. "నేను తమ్ముని కోసం వచ్చిన. నాకేంది? నా కండ్లకేమైంది?"

మూడు రోజులు కట్టిపెట్టిన కోపం అక్కడ తెగింది. డాక్టరు ఉన్నాడని కూడా చూసుకోలేదు.

"ఏమైందో గా ఇసుక మీద బంతి దీసిన్నాడే జూసిన. సూదోడు పున్నమికి వస్తుండని గూడ ఎర్కే నాకు. పో, పోయి వాని చాప మీద కూసో. నీది గూడ గవ్వ అయినంక ఇద్దరం ఒక్క కట్టె పట్టుకొని అంగట్ల తిరుగుదాం. అప్పుడు నా కన్ను నీ తోని పోలేదని రుజువైతదా? నీకు గదే కావాలె గదా? పో!"

అన్న అద్దాల కిటికీ వైపు మొహం తిప్పుకున్నాడు. అక్కడ ఆయనకు కనపడేది వెలుతురు ఒక్కటే.

తర్వాత డాక్టరు ఉన్న దిక్కుకు తిరిగి, మెల్లగా అడిగాడు: "కోసినంక ఎన్ని దినాలు వంగొద్దు సార్?"

"ఆరు వారాలు."

"వంగితె ఏమైతది?"

డాక్టరు చెప్పాడు. కుట్లు, సంచి, బరువు, అంతా మొదటి నుంచి. అన్న మధ్యలో ఒక్క మాట అడ్డం రాకుండా విన్నాడు. ఆఖరికి "గట్లనా" అన్నాడు. కోటు విప్పి, మడిచి, నా చేతికి ఇచ్చాడు.

అన్నకు ముందు కుడికన్ను చేశారు. పది రోజులు ఇసుక సంచుల మధ్య పడుకోబెట్టారు. ఆ పది రోజులూ వదినె వచ్చి చూసుకుంది. నేను మంచిర్యాలకు వచ్చి డిపో చూసుకున్నాను. కార్తీక పున్నమి నాడు గోదావరి ఒడ్డున చాప పరుచుకున్న వాడి దగ్గరికి పోయి, ఎదురుగా నిలబడి నా గవ్వకన్ను చూపించాను. చుట్టూ ఉన్న స్నానాల జనానికి కూడా చూపించాను, అది ఎవరి పనో గట్టిగా చెప్పాను. వాడు మధ్యాహ్నానికి చాప చుట్టుకుని పోయాడు. వాణ్ని కొట్టలేదు. కొట్టాలంటే వంగాలి.

డిసెంబరులో మూడు నెలలు నిండాయి. పట్నంలో డాక్టరు సరేనన్నాడు. ఆ తర్వాతి ఆదివారం పొద్దున మొదటి గుంత దగ్గర హనుమండ్లు బంతి పెట్టి లేచాడు. ఇప్పుడు నేనే వంగి పెట్టొచ్చు. అయినా ఆయన చేతే పెట్టించాను. కర్రతో దూరం కొలిచాను, పాదాలు పాతుకున్నాను, సగం బలంతో ఒకటి కొట్టాను. కన్ను నొప్పి పెట్టలేదు. రెండోది కొంచెం గట్టిగా. మూడోది పూర్తిగా తిప్పి కొట్టాను. బంతి లేచింది. ఆ అద్దాల్లో అది ఎటు పోయిందో నాకు తెలియలేదు. చేతులకు మాత్రం తెలిసింది.

"నడిమిట్లనే పోయింది సేటూ" అన్నాడు హనుమండ్లు. "రెండు వందల గజాలకు తక్కువుండది."

ఆ కాలం మీద నాకు తేలింది ఇదీ. అన్నదమ్ములం ఇద్దరికీ కలిపి నాలుగు కండ్లలో మూడు నిలిచాయి. రెండు పని చేస్తున్నాయి, ఒకటి ఉగాది తర్వాత కోతకు పోతుంది. కట్టెలు తీసుకోవడంలో రామచంద్రం గారు మా డిపోను వదలలేదు. కప్పు వేరేవాళ్లు గెలిచారు. వాకిట్లో పొయ్యిలు రెండే. శంకరవ్వ మళ్లీ ఎండుమిర్చి పోపు మొదలుపెట్టింది. అన్న అనవలసిన మాట ఇప్పటికీ అనలేదు, ఇక అనడు. పోయినదానికంటే మిగిలింది ఎక్కువ కాబట్టి లాభమనే రాసుకోవాలి. రాసుకున్నాను. అయినా, ఇగ మీ అన్నను మాఫ్ చేసినట్టేనా అని ఎవరైనా అడిగారంటే, ఆ పూట నా బంతులన్నీ తుమ్మపొదల్లోకే పోతాయి.